తువ్వాలు ఎవరిది?

బాబూ,

నీ కవరు అందింది. వేదికెక్కి ఒక్కడివే నవ్వించే పది నిమిషాల స్టాండప్ అని రాశావు. చదవడానికి నాకు అరగంట పట్టింది. కోపం వచ్చినచోటల్లా లేచి మంచినీళ్ళు తాగొచ్చాను మరి.

విమానంలో ఇచ్చే వేరుశనగ పలుకుల మీద ఒకటిన్నర పేజీ! నువ్వు విమానం ఎక్కావేటి? ఆమదాలవలసలో రైలెక్కి విజయనగరంలో దిగేవాడివి. ఆ అమెరికా కమెడియన్ సీన్‌ఫెల్డ్ అంటే ప్రాణమన్నావు, మంచిదే. పొద్దున్న తినే పాప్‌టార్ట్ మీద ఒక చిన్న ముక్క చెక్కడానికి రెండేళ్ళు పట్టిందని ఆయనే చెప్పుకున్నాడు. 1998లో టీవీ సీరియల్ మంచి ఊపులో ఉండగానే ముగించేసి, పాత జోకులన్నీ మూటగట్టి, చిన్న చిన్న క్లబ్బుల్లో మళ్ళీ మొదలుపెట్టాడు. ఆ ఓపిక ఆయన దగ్గరే వదిలేసి, ఆయన కంచంలో పలహారం పట్టుకొచ్చావు నువ్వు.

మూడో పేజీ సంగతి వేరు. శ్రీకాకుళం కాంప్లెక్సులో కిటికీలోంచి తువ్వాలేసి సీటు ఆపినాయన, తోసుకుని బస్సెక్కి చూస్తే, ఆ సీట్లో ఇంకెవరో కూర్చుని అదే తువ్వాలుతో మొహం తుడుచుకుంటున్నాడు. ఇంట్లో ఒక్కణ్ణే ఉన్నా పైకి నవ్వేశాను. అంతలోనే ‘ఏటి బావా, నా తువ్వాలేటి, నీ మొగమేటి’ అని యాస సాగదీసి, పక్కన ‘ఇక్కడ నవ్వులు’ అని రాసుకున్నావు.

మండింది నాకు. సినిమాల్లో పనివాడు కనబడితే చాలు, వాడి నోట మన మాట పెడుతున్నారు. అది చాలదనా, నువ్వూ కోతిని ఆడించినట్టు ఆడించావు?

నా మొదటి కథలో మా అమ్మ ‘బేగి ఒచ్చీరా గుంటడా’ అంటుంది. ఓ వారపత్రిక ఎడిటరుగారు దాన్ని ‘త్వరగా వచ్చెయ్యి బాబూ’ అని దిద్ది వేశారు. అచ్చయ్యాక అమ్మకి చదివి వినిపిస్తే, ‘ఈవిడెవర్రా, బెజవాడావిడా?’ అంది. నాలుగేళ్ళకి ఆయనే హాస్యకథ అడుగుతూ ఉత్తరం రాశారు: ‘నౌకరు పాత్రకి మీ ప్రాంతపు యాస పెట్టండి, పండుతుంది.’ రాయలేదు. ఆ పత్రికకి మళ్ళీ పంపలేదు కూడా. నష్టం నాకే జరిగిందనుకో.

గురజాడవారి ‘కన్యాశుల్కం’ నాటకం 1892లో మా విజయనగరంలోనే ఆడింది. 1897లో అచ్చయింది, 1909కి దాన్ని దాదాపు తిరగరాశారాయన. అందులో ఎవరి మాట వాళ్ళది. నన్నడిగితే మనం ఎక్కువ నవ్వేది గిరీశం దంచే ఇంగ్లీషుకి. అరువు మాట మాట్లాడేవాడే అక్కడ నవ్వులపాలయ్యేది. నీ వేరుశనగ పలుకులు చదువుతుంటే నాకు గుర్తొచ్చినవాడు కూడా అతనే, ఏమనుకోకు.

ఆ బస్సు ముక్కలో ‘తుడుచుకుంటున్నాడు’ దగ్గర ఆగిపో. తువ్వాలాయన ఏమంటాడో జనానికి ఒదిలేయ్. అనిపించాలనుంటే, ఆయన నిజంగా ఏమన్నాడో అది రాయి. నువ్వు కాంప్లెక్సులో విన్నదే కదా.

హైదరాబాదు వెళ్ళాలా, విశాఖలో ఉండాలా, ఇంట్లో ఎలా చెప్పాలి అని ఏవేవో అడిగావు. ఇంకోసారి చూద్దాం.

తిరగరాసి పంపు. ఈసారి కవరు మీద స్టాంపులు సరిపడా అంటించు. కిందటిసారి పోస్టుమాన్‌కి డబ్బులు నేను కట్టాను.

ఆశీస్సులతో,
మీ మాస్టారు