నాటో కాగితం, ఎనిమిది గుంటల గెట్టు

ప్రశ్న: వకీల్ సాబ్, మాది పరకాల దగ్గర ఊరు. పాలోళ్లం నలుగురం 2023లో వంద రూపాయల బాండ్ పేపర్ మీద ఒక ఒప్పందం రాసుకున్నాం. మాలో ఒకరి భూమి మీదికి ఎవరొచ్చినా నలుగురి మీదికి వచ్చినట్టే, అందరం కలిసి ఎదుర్కోవాలి, కోర్టు ఖర్చు వస్తే సమానంగా పెట్టుకోవాలి అని. టీవీలో ఉక్రెయిన్ యుద్ధం, నాటో గురించి చూసి మా చిన్నోడు రాసిండు. ఈ ఏడు మిర్గం నాడు పక్క చేనాయన గెట్టు దున్నేసి ఎనిమిది గుంటలు కలుపుకొని పత్తి పెట్టిండు. హనుమకొండలో ఉండే మా బాబాయి కొడుకు సంతకం పెట్టి కూడా ఇప్పుడు రానంటున్నడు. చిన్నప్పుడు వాణ్ని నేనే సైకిల్ మీద బడికి తీసుకపోయిన. నిరుడు యాసంగిల పక్కన నిలబడి అదే చెలకల మక్క పెట్టించినోడు, ఈ దసరాకు ఇంటికే రాలేదు. వాడి మీద కేసు వేయొచ్చా? లేకపోతే మిగతా ముగ్గురం, కొడుకులను తీసుకొని, ట్రాక్టర్‌తో గెట్టు మళ్లీ పెట్టి పత్తి ఏరుకొచ్చుకోవచ్చా?

జవాబు: రెండు పేజీల ఉత్తరంలో తమ్ముడి గురించి పేజీన్నర ఉంది, సైకిల్ సంగతి కూడా ఉంది. కేసును తేల్చే మాట మాత్రం ఒక్కటే, అది కూడా దారిన పోతూ అన్నట్టు రాశారు: మిర్గం నాడు. అంటే జూన్ 8 ప్రాంతం. నేనిది రాస్తున్నది నవంబర్‌లో. వేళ్ల మీద లెక్కపెట్టుకోండి, దాని సంగతి కింద చెబుతాను.

ముందు మీ నాటో కాగితం. అసలు నాటో ఒప్పందం 1949 ఏప్రిల్ 4న వాషింగ్టన్‌లో 12 దేశాలు రాసుకున్నది, ఇప్పుడు 32 అయ్యాయి. అందులోని 5వ ఆర్టికల్‌లో మీ చిన్నోడు సగమే చూశాడు. ఒకరి మీద దాడి అందరి మీదా దాడే అన్నది నిజం, కానీ ఆ వెంటనే ఒక్కో దేశం 'తనకు అవసరమని తోచిన చర్య' తీసుకుంటుందని ఉంది. సైన్యం పంపడం అందులో ఒక రకం మాత్రమే, తప్పనిసరి కాదు. యుద్ధం ప్రకటించే అధికారం అమెరికాలో కాంగ్రెస్‌ది కాబట్టి, ఒప్పందం దానంతట అదే యుద్ధంలోకి లాగకుండా ఆ మాట పెట్టుకున్నారు. ఇన్నేళ్లలో ఆ ఆర్టికల్‌ను వాడింది ఒక్కసారే, 2001 సెప్టెంబర్ 11 దాడుల తర్వాత. పైగా ఏ భూభాగానికి వర్తిస్తుందో 6వ ఆర్టికల్‌లో విడిగా రాసుకున్నారు. 1982లో ఫాక్‌లాండ్ దీవుల మీదికి అర్జెంటీనా వచ్చినప్పుడు, బ్రిటన్ నాటో సభ్యదేశమే అయినా, ఆ దీవులు 6వ ఆర్టికల్ గీసిన హద్దు బయట ఉన్నాయి కాబట్టి 5వ ఆర్టికల్ ఊసే రాలేదు. మీ కాగితంలో సర్వే నంబరే లేదు.

అంత దూరం ఎందుకు, మన నిజాం సంగతే చూడండి. 1798లో ఈస్టిండియా కంపెనీతో సైన్య సహకార ఒప్పందం, 1800లో శాశ్వత రక్షణ ఒప్పందం చేసుకున్నాడు. కంపెనీ పటాలాల ఖర్చు కింద ఏకంగా జిల్లాలే రాసిచ్చాడు, వాటినే దత్త మండలాలు అన్నారు, నేటి రాయలసీమ చాలావరకు అదే. ఆఖరి నిజాంకైతే బ్రిటిష్ వాళ్లు 'నమ్మకమైన మిత్రుడు' అని బిరుదు కూడా ఇచ్చారు. 1947లో వాళ్ల పార్లమెంటు చేసిన చట్టంలోని 7వ సెక్షన్‌తో సంస్థానాలతో ఉన్న ఒప్పందాలన్నీ రద్దయ్యాయి. 1948 సెప్టెంబర్ 13న భారత సైన్యం వస్తే ఐదు రోజుల్లో అంతా అయిపోయింది, లండన్ నుంచి ఒక్క సిపాయి రాలేదు. జిల్లాలు తీసుకున్నవాళ్లే రాలేదంటే, వంద రూపాయల బాండ్‌కు తమ్ముడు రాలేదని ఏడవడం ఎందుకు?

కోర్టు మాటకొస్తే, 'కలిసి ఎదుర్కోవాలి' అంటే ఏం చేయాలో, ఎంత చేయాలో రాయలేదు. అర్థం తేల్చలేని ఒప్పందం చెల్లదని 1872 కాంట్రాక్ట్ చట్టం 29వ సెక్షన్ చెబుతుంది. కొట్లాటకు రమ్మనడమే దాని అర్థమని మీరంటే, చట్టవిరుద్ధమైన పనికి రాసుకున్నదని 23వ సెక్షన్ కింద అసలుకే పోతుంది. పనికొచ్చే ముక్క ఖర్చు పంచుకోవాలన్నది ఒక్కటే. ముందు మీరు ఖర్చు పెట్టండి, రసీదులు దాచండి, తన వాటా ఇవ్వనంటే అప్పటినుంచి మూడేళ్లలో అడగొచ్చు. ఇప్పటికి మీరు ఒక్క రూపాయి పెట్టలేదు, మరి దేనికని కేసు?

ఇక ట్రాక్టర్ ఆలోచన. వద్దు. ముగ్గురు మీరు, కొడుకులు, డ్రైవర్, లెక్క ఐదు దాటింది. భారతీయ న్యాయ సంహిత 189 కింద అది చట్టవిరుద్ధమైన గుంపు, చెయ్యి లేస్తే 191 కింద అల్లర్ల కేసు. 190 ఇంకా గట్టిది: గుంపు ఉద్దేశం కోసం ఒక్కడు కర్ర లేపినా అందులో ఉన్నవాళ్లందరూ కొట్టినట్టే. మీ చిన్నోడు రాసిన వాక్యమే, కాకపోతే తిరగేసి మీ మెడకు. ఉమ్మడి ఉద్దేశం ఉందని రుజువు చేయడానికి పోలీసులు వెతుక్కోనక్కర్లేదు, నలుగురి సంతకాలతో మీ బాండ్ పేపరే ఉంది. పత్తి ఏరితే దొంగతనం కేసు వేరే. గెట్టు దున్నిన రోజే అడ్డుకొని ఉంటే అది వేరే మాట. ఐదు నెలలుగా పంట పెట్టుకున్నవాణ్ని మీరే వెళ్లగొడితే, మీకు పనికిరావాల్సిన సెక్షన్ ఆయన చేతికి పోతుంది.

ఆ సెక్షనే స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం, 1963లో 6వది. మీ స్వాధీనంలో ఉన్న భూమిని మీ ఇష్టం లేకుండా, చట్టప్రకారం కాకుండా లాక్కుంటే, పట్టా ఎవరిదన్న గొడవలోకి పోకుండానే స్వాధీనం తిరిగి అడగొచ్చు. అయితే లాక్కున్న రోజు నుంచి ఆరు నెలల లోపే దావా పడాలి. ఆలస్యాన్ని మన్నించమని అడిగే వీలు లేదు. మీకు మిగిలింది డిసెంబర్ మొదటి వారం దాకానే! అది దాటినా హక్కు మీద దావా వేసుకోవచ్చు, దానికి పన్నెండేళ్ల గడువుంది, కానీ అప్పుడు పట్టా, లింకు కాగితాలు, సర్వే అన్నీ రుజువు చేస్తూ ఏళ్లు తిరగాలి. ఐదు నెలలు తమ్ముడి మీద అలిగి కూర్చున్నారు, ఠాణాలో నోటిమాటగా చెప్పి వచ్చారు, రసీదు లేదు, దున్నిన రోజు ఒక ఫోటో కూడా తీయలేదు. ఫోన్ అందరి జేబులోనూ ఉంది కదండీ.

రేపే వరంగల్‌లోనో పరకాలలోనో సివిల్ కేసులు చూసే వకీలును కలవండి. పాస్ పుస్తకం, పాత పహాణీలు (ఏ భూమిని ఎవరు సాగు చేశారో చూపే రెవెన్యూ రికార్డులు), నిరుటి పంట నమోదు వివరాలు తీసుకెళ్లండి. ఇక్కడ పట్టా కంటే మిర్గం ముందు రోజు వరకు దున్నింది మీరేనన్న రుజువు ముఖ్యం. హద్దుల సర్వేకు దరఖాస్తు పెట్టండి గానీ, సర్వే అయ్యాక దావా వేద్దామని ఆగకండి, గడువు దాని కోసం ఆగదు. దావాతో పాటే కమిషనర్‌ను, అంటే కోర్టు తరఫున స్థలం చూసి నివేదిక ఇచ్చే వకీలును, పంపి గెట్టు చూపించమని కోర్టును అడగొచ్చు.

యాసంగి మక్క పెట్టించింది ఆ తమ్ముడే అన్నారు. అంటే ఆ ఎనిమిది గుంటలు జూన్ దాకా మీ చేతిలోనే ఉన్నాయని కళ్లారా చూసిన సాక్షి అతనే. ఫోన్ చేసి, ట్రాక్టర్ మీద ఎక్కమని కాదు, బోనెక్కి చూసింది చెప్పమని అడగండి.