గాలి పరుపులో కనిపించని రంధ్రం

ప్రశ్న: కొండల్లో నడకకు వెళ్లినప్పుడు గుడారంలో వేసుకునే గాలి పరుపును రాత్రి గట్టిగా ఊదినా, తెల్లవారేసరికి నడుము నేలకు తగులుతోంది. పైకి చిరుగేమీ కనిపించడం లేదు. బస చేసిన చోటే రంధ్రాన్ని కనిపెట్టవచ్చా?

జవాబు: కనిపెట్టవచ్చు, కానీ ముందు రంధ్రం ఉన్నదీ లేనిదీ తేల్చుకోవాలి. నోటితో ఊదిన గాలి సుమారు 35 డిగ్రీల వేడితో లోపలికి వెళ్లి, రాత్రి 5 డిగ్రీలకు చల్లబడితే దాని పరిమాణం దాదాపు పదో వంతు తగ్గుతుంది కనుక, పరుపు కొంత మెత్తబడడం సహజమే. పడుకోబోయే ముందు మరికాస్త ఊదితే ఆ లోటు తీరుతుంది. నడుము నేలకు తగిలేంతగా దిగిందంటే మాత్రం గాలి బయటికి పోతున్నట్టే.

మొదట అనుమానించవలసింది వాల్వును. అందులో ఇసుక రేణువో, వెంట్రుకో ఇరుక్కున్నా మూత సరిగా బిగియదు. చాలామంది దీన్ని వదిలేసి గుడ్డనంతా గాలిస్తారు. వాల్వును శుభ్రం చేసి, మూసి, దానిపై సబ్బునీరు రాసి బుడగలు వస్తాయేమో చూడండి.

అక్కడేమీ లేకపోతే పరుపును వీలైనంత గట్టిగా ఊది, గాలి వీచని చోట, వాగు హోరుకు దూరంగా, చెవినీ తడి పెదవులనూ గుడ్డకు దగ్గరగా జరుపుతూ వెతకండి. సన్నని గాలి చేతి వేళ్లకంటే పెదవులకే త్వరగా తెలుస్తుంది. అంచుల అతుకులనూ, నేలకు ఆనే అడుగుభాగాన్నీ ప్రత్యేకంగా చూడాలి. అప్పటికీ దొరకకపోతే సబ్బునీటిని కొద్దికొద్దిగా పూయండి. లేదా నిలకడ నీటిలో ఒక్కో భాగాన్నీ ముంచి నొక్కండి. గుడ్డకు అంటుకున్న బుడగలను తుడిచేయండి, అవి మోసం చేస్తాయి; ఒకేచోటి నుంచి వరుసగా పుట్టేవే అసలైనవి. సబ్బు వాడితే కడగడం మాత్రం వాగుకు కనీసం 60 మీటర్ల దూరంలోనే.

రంధ్రం కనబడగానే చుట్టూ పెన్నుతో గీయండి, ఎందుకంటే ఆరాక దాన్ని మళ్లీ పోల్చుకోవడం కష్టం. ఆపై గాలి తీసి, పూర్తిగా ఆరనిచ్చి, ప్రథమచికిత్స పెట్టెలోని స్పిరిట్ పట్టీతో జిడ్డు తుడిచి ప్యాచ్ అంటించాలి. ప్యాచ్ మూలలను గుండ్రంగా కత్తిరిస్తే అంచులు త్వరగా లేవవు. మామూలు టేపు ఒకటి రెండు రాత్రులు గడపడానికే పనికొస్తుంది.

గాలి పోకుండానే పరుపు ఒకచోట బుంగలా ఉబ్బితే లోపలి అడ్డపొరలు ఊడినట్టు. దానికి ప్యాచ్ పనిచేయదు, తయారీదారుకు పంపవలసిందే.