పెళ్లి ఫోటోలు తీసేవాడు టీవీ డైరెక్టర్ కాగలడా?

ప్రశ్న: మాది మిర్యాలగూడ. మా బాబు బీకాం ఫైనలియర్, రెండు సబ్జెక్టులు మిగిలాయి. పెళ్లి ఫోటోలు తీస్తుంటాడు. ఇప్పుడు టీవీ డైరెక్టర్ అవుతానంటున్నాడు. హైదరాబాద్‌లో ఆరు నెలల డైరెక్షన్ కోర్సుకు రెండు లక్షలు అడుగుతున్నారు. ఆ కోర్సా, అసిస్టెంటుగా చేరడమా, ఎంబీఏనా? కెమెరా మెడలో వేసుకుని తిరిగేవాడికి పిల్లనెవరిస్తారని మాకు టెన్షన్.

జవాబు: మూడింటిలో ఏది మేలో చెప్తాను గానీ, మీ అసలు బాధ చివరి వాక్యంలో ఉంది. నల్లగొండ నుంచి వనపర్తి దాకా ఎంతోమంది తల్లిదండ్రులు నన్ను అడిగిన మాటే ఇది. మీ ఇంట్లో ముహూర్తం కుదిరితే ఫంక్షన్ హాల్ తర్వాత మీరు అడ్వాన్స్ ఇచ్చేది ఫోటోగ్రాఫర్‌కే కదా? పక్కింటి అబ్బాయి తీస్తే కళ, మన అబ్బాయి తీస్తే తిరుగుడా? కాలేజీలో ఉండగానే సంపాదిస్తున్న పిల్లవాడిని ముందు బంధువుల ఎదుట తక్కువ చేయడం మానండి.

ఫోటో నుంచి డైరెక్షన్‌కు రావడం కొత్తేం కాదు. హిందీ దర్శకుడు గోవింద్ నిహలానీ బెంగళూరు పాలిటెక్నిక్‌లో సినిమాటోగ్రఫీ చదివి, మన హైదరాబాదీ శ్యామ్ బెనెగల్ సినిమాలకు ఏళ్ల తరబడి కెమెరా పట్టారు. తర్వాత 1988లో దూరదర్శన్‌లో వచ్చిన 'తమస్' సీరియల్ ఆయన తీసిందే.

అయితే కన్ను ఒక్కటే సరిపోదు. సీరియల్లో అత్త డైలాగ్ పొద్దున తీస్తే కోడలి రియాక్షన్ సాయంత్రం తీయాల్సి రావచ్చు. పొద్దున జడ ముందుకు వేసుకుంటే సాయంత్రమూ ముందుకే ఉండాలి. అది రాసిపెట్టుకోవాల్సింది అసిస్టెంటే. తెలుగు రాని హీరోయిన్‌కు డైలాగ్ ప్రాంప్టింగ్ చెప్పేదీ అతనే. మండపం మీద పాతికమంది చుట్టాలను కోప్పడకుండా వరుసలో నిలబెట్టిన అలవాటు మీ వాడికి అక్కడ పనికొస్తుంది.

ఇక ఆ కోర్సు. నాకు నమ్మకం లేదు. ఇలాంటి చాలాచోట్ల కెమెరాల పేర్లు చెప్తారు, ఒక షార్ట్ ఫిల్మ్ తీయిస్తారు, సర్టిఫికెట్ ఇస్తారు. స్నేహితులతో పదిరోజులు పది నిమిషాల సినిమా తీయడం వేరు. డైలీ సీరియల్లో అరగంట స్లాట్‌కు ఇరవై నిమిషాల పైచిలుకు, వారానికి ఐదారు ఎపిసోడ్లు అందించాలి. యూట్యూబ్‌లో పెట్టగానే చానల్ వాళ్లు పిలుస్తారన్నదీ నేను నమ్మను. కట్టే ముందు పాత బ్యాచ్ పిల్లల్లో ఇద్దరితో మాట్లాడి, ఇప్పుడేం చేస్తున్నారో కనుక్కోండి. నంబర్లు ఇవ్వనంటే అక్కడినుంచే వెనక్కి వచ్చేయండి.

చదవాలనే ఉంటే పుణెలోని ప్రభుత్వ ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్ (ఎఫ్‌టీఐఐ) టీవీ విభాగంలో డైరెక్షన్ కోర్సు ఉంది. ఎంట్రన్స్ రాయాలి, ఏదైనా డిగ్రీ ఉండాలి. అందుకే ఆ రెండు సబ్జెక్టులు వెంటనే పూర్తి చేయించండి. ఎంబీఏ సంగతి వదిలేయండి, అది మీ కోరిక, అతనిది కాదు.

నన్నడిగితే అసిస్టెంటు దారే మేలు. మొదట్లో చేతికొచ్చేది తక్కువే, అదీ వేళకు రాదు. కానీ మాఘం, వైశాఖం, శ్రావణం ముహూర్తాలు మీ వాడిని పస్తు ఉంచవు. ఆషాఢంలో ఎలాగూ పెళ్లిళ్లుండవు. పరీక్షలయ్యాక ఆ నెలలో ఏదైనా సీరియల్ యూనిట్‌లో చేరి చూడమనండి. పొద్దున ఏడింటి నుంచి రాత్రి దాకా సెట్లో నిలబడ్డాక కూడా మర్నాడు వెళ్లాలనిపిస్తుందో లేదో అతనికే తెలుస్తుంది. ఈలోగా ఆ రెండు లక్షలు బ్యాంకులోనే ఉండనివ్వండి.