సాకే టూర్: నాట్టో తినొచ్చా, ఎనిమిది రకాలు తట్టుకోవడం ఎలా?

జనవరిలో జపాన్‌లోని క్యోటో నగరంలో, ఫుషిమి ప్రాంతంలో సాకే (బియ్యంతో చేసే జపాన్ మద్యం) తయారయ్యే చోట టూర్, ఎనిమిది రకాల రుచి. హోటల్ టిఫిన్‌లో నాట్టో (పులియబెట్టిన సోయా గింజలు) తినొచ్చా, తల తిరగకుండా ఎలా అని కదండీ అడిగారు.

నాట్టో ఆ రోజు ముట్టుకోకండి. అందులోని బ్యాక్టీరియా మొండిది, ఆవిరి వేడికి కూడా ఓ పట్టాన చావదు. సాకే కోసం ఉడికిన బియ్యం మీద పెంచే కోజి అనే బూజును పాడుచేస్తుంది. జనవరి అంటే తయారీ జోరుగా సాగే కాలం, తిన్నామంటే లోపలికి రానివ్వకపోవచ్చు. సెంటు కూడా వద్దు, సాకే వాసన తెలియదు.

ఇక లెక్క చూడండి. గుటకకు 30 మి.లీ. చొప్పున ఎనిమిదికి 240 మి.లీ. సాకేలో ఆల్కహాల్ మామూలుగా 15-16 శాతం, కాబట్టి ఇది 5 శాతం ఉండే 650 మి.లీ. బీరు సీసా కంటే కాస్త ఎక్కువే. నీళ్లు కలపని గెన్షు రకం సాకే అయితే 17-20 శాతం, దాన్ని చివర్లో పట్టండి. ముందు సువాసన ఉన్న గింజో రకం, తర్వాత జున్మయి (విడిగా ఆల్కహాల్ కలపనిది), ఆపైన తియ్యటి, మబ్బుగా ఉండే నిగోరి. ప్రతి గుటకకీ అంతే నీళ్లు తాగండి, పరగడుపున మాత్రం వెళ్లకండి. ఉమ్మేయడానికి పాత్ర అడగొచ్చు, ఎవరూ ఏమీ అనుకోరు.

కారే కాదు, అద్దె సైకిల్ కూడా వద్దు. తాగి తొక్కడం అక్కడ నేరం. రైలెక్కండి. వేడిచేయని సాకే, అంటే నమజాకే కొనకండి, ఫ్రిజ్ లేకపోతే పాడవుతుంది.