ఒంగోలులోనే ఉండి ఇండిపెండెంట్ సినిమాలకు ప్రయోగాత్మక సంగీతం చేస్తూ బతకొచ్చా? హైదరాబాద్ వెళ్లక తప్పదా?

బతకొచ్చు, కానీ దాని ఒక్కదాని మీదే కష్టం. పదకొండేళ్లుగా చేస్తున్నాను. ఇప్పటికీ మా ఇల్లు గడిచేది సాయంత్రం కీబోర్డ్ క్లాసుల మీద, పెళ్లి వీడియోలకు చేసే మిక్సింగ్ మీద. హైదరాబాద్ సంగతికొస్తే, నాకు మాత్రం ఇక్కడ ఉండటమే పని తెచ్చిపెట్టింది.

మొదటి సినిమా చీమకుర్తి క్వారీ కూలీల కథ. దర్శకుడు వయొలిన్లతో ఆర్.ఆర్. (రీ-రికార్డింగ్, అంటే నేపథ్య సంగీతం) కావాలన్నాడు. ఎన్ని స్ట్రింగ్స్ వాయించినా ఆ మనుషుల ముఖాలకు అతకలేదు. ఒకరోజు క్వారీకి వెళ్లి కూర్చున్నాను. ఒక మేస్త్రీ గెలాక్సీ గ్రానైట్ బ్లాకును సుత్తితో అక్కడక్కడా కొట్టి వింటున్నాడు. ఎందుకని అడిగాను. "మంచి రాయి ఖంగుమంటది సార్. లోపల పగులుంటే మోత చచ్చిపోద్ది" అన్నాడు.

నేను వెతుకుతున్న సంగీతం అదే. రాతి పలకకు చిన్న పీజో డిస్క్ అంటించాను. అది గాలిలో వచ్చే చప్పుడు కాకుండా రాతిలోని కంపనాన్ని పట్టుకుంటుంది. 96 కిలోహెర్ట్జ్‌లో, అంటే సెకనుకు 96 వేల శాంపిళ్లతో రికార్డు చేసి, వేగం సగానికి తగ్గించాను. అప్పుడు శబ్దం ఒక స్థాయి (ఆక్టేవ్) కిందికి దిగి, రెట్టింపు సేపు మోగుతుంది. నాలుగో వంతుకు తగ్గిస్తే రెండు స్థాయిలు దిగుతుంది. సినిమా అంతా మంచి రాయి మోతే వాడాను. కొడుకు చనిపోయాడని తల్లికి తెలిసే చోట మాత్రం పగులు రాయి మీద ఒక్క దెబ్బ. దర్శకుడు రెండుసార్లు చూసి, వయొలిన్లు తీసేయమన్నాడు.

ఈ దారి నేను కనిపెట్టింది కాదు. 1948లోనే పారిస్‌లో పియర్ షాఫర్ అనే ఫ్రెంచ్ స్వరకర్త రైలు శబ్దాలతో సంగీతం కట్టాడు.

ఒక్కటి మాత్రం గట్టిగా చెబుతాను. షూటింగ్ మొదలవకముందే దర్శకుడితో కూర్చోండి. ఎడిటింగ్‌లో ఏదో పాత సినిమా సంగీతం తాత్కాలికంగా పెట్టుకుని నెల రోజులు విన్నాడంటే, ఇక మీరేం చేసినా అతని చెవికి ఎక్కదు.

డబ్బు విషయం. రెండో సినిమా నోటిమాట మీద చేశాను. సగం సొమ్ము ఈరోజుకీ రాలేదు. ఆ ఏడాది పడ్డ టెన్షన్ ఇంకెవరూ పడకూడదు. ఒక పేజీ అయినా సరే, ఒప్పందం రాయించుకోండి. 2012లో కాపీరైట్ చట్టాన్ని సవరించారు. థియేటర్ ప్రదర్శన కాకుండా మరెక్కడ మీ సినిమా సంగీతం వాడినా, రాయల్టీలో హక్కులు తీసుకున్నవాళ్లతో సమాన వాటా మీది. దాన్ని వారసులకో కాపీరైట్ సొసైటీకో తప్ప ఎవరికీ రాసివ్వడం చెల్లదు. పాటల రచయితలకు, స్వరకర్తలకు రాయల్టీ వసూలు చేసిపెట్టే కాపీరైట్ సొసైటీ ఐపీఆర్ఎస్‌లో సభ్యత్వం తీసుకోండి. చిన్న సినిమాలకు వచ్చేది కొంచెమే, అయినా అది మీ హక్కు.

ఈ వారమే కొత్తపట్నం తీరానికి రికార్డర్ పట్టుకెళ్లండి. తెల్లవారుజామున వెళ్తే వలలు లాగేవాళ్ల కేకలు దొరుకుతాయి. గాలి ఎక్కువ, మైకుకు బొచ్చు తొడుగు తప్పనిసరి. వాళ్లను అడిగాకే రికార్డు చేయండి. ప్రతి ఫైలుకూ చోటు, తేదీ రాసి పెట్టుకోండి. నా మొదటి రెండేళ్ల ఫైళ్లలో ఏది ఎక్కడిదో ఇప్పుడు నాకే తెలియడం లేదు.