నేవీ డే చేసేది ఘాజీ కోసం కాదు, కరాచీ కోసం

మీరు రెండు సంగతులు అడిగారు. డిసెంబర్ 4న నేవీ డే చేసేది విశాఖ దగ్గర పాకిస్తాన్ సబ్‌మెరైన్ ఘాజీ మునిగినందుకేనా అన్నది ఒకటి. కరాచీ మీద దాడి చేసినవి చిన్న పడవలంటారు కదా, అవి అంత దూరం ఎలా వెళ్లాయి అన్నది రెండోది. మీ అబ్బాయి స్కూల్లో మాట్లాడాలన్నారు కాబట్టి కాస్త వివరంగానే రాస్తాను.

మొదటిదానికి జవాబు, కాదు. ఆ రోజు 1971లో మన మిసైల్ బోట్లు కరాచీ నౌకా స్థావరం మీద చేసిన దాడికి గుర్తు. దానికి పెట్టిన పేరు ఆపరేషన్ ట్రైడెంట్. విశాఖలో పుట్టి పెరిగిన నేను కూడా ఉద్యోగంలో చేరే దాకా అది ఘాజీ కోసమేనని అనుకునేవాణ్ణి. మా ఊళ్లో ఇప్పటికీ చాలామంది అలాగే అనుకుంటారు. అందులో వింతేమీ లేదు, ఆ చప్పుడు మేం చెవులతో విన్నాం.

అప్పటికి నాకు తొమ్మిదేళ్లు. ఇల్లు వన్‌టౌన్‌లో, మా నాన్న పోర్టులో కళాసీ. బ్లాకవుట్ అని కిటికీ అద్దాలకు ముందే అట్టకాగితం మైదాపిండితో అంటించారు. డిసెంబర్ 3 సాయంత్రం పాకిస్తాన్ విమానాలు పశ్చిమాన మన ఎయిర్‌ఫీల్డుల మీద బాంబులు వేశాయి. ఇందిరా గాంధీ అర్ధరాత్రి రేడియోలో మాట్లాడతారని తెలిసి, పక్కింట్లో ఉన్న ఒక్క రేడియో చుట్టూ పెద్దవాళ్లంతా చేరారు. నేను నిద్రలో ఉన్నాను. ఒక్కసారిగా ఇల్లు అదిరింది. ఉట్టి మీద చల్లకుండ ఊగడం గుర్తుంది. నాన్నమ్మ భూకంపం అనుకుని నన్ను రెక్క పట్టుకుని వీధిలోకి లాక్కొచ్చింది. తెల్లారాక చూస్తే మా కిటికీ అద్దం ముక్కలైంది, కానీ ఒక్క పెంకూ కింద పడలేదు. అట్టకాగితం అన్నిటినీ అలాగే పట్టుకుని ఉంది. అమ్మ దాన్ని అట్టముక్కలా ఊడదీసి గోడవారగా పెట్టింది.

అది ఘాజీ. విమానవాహక నౌక విక్రాంత్‌ను వెతుక్కుంటూ కరాచీ నుంచి విశాఖ దాకా వచ్చింది. విక్రాంత్ అప్పటికి అండమాన్ల వైపు వెళ్లిపోయింది. డిస్ట్రాయర్ రకం పాత యుద్ధనౌక రాజ్‌పుత్ తానే విక్రాంత్ అన్నట్టు రేడియో సందేశాలు పంపి ఘాజీని ఇటు నమ్మించింది. తూర్పు నౌకాదళాధిపతి వైస్ అడ్మిరల్ కృష్ణన్ పన్నిన ఎత్తు ఇది. రాజ్‌పుత్ వేసిన డెప్త్ ఛార్జీల (నీళ్ల లోతుకు దిగి పేలే బాంబుల) వల్ల మునిగిందని మనం అంటాం, లోపలే పేలిందనో, తాను నీళ్లలో పెట్టిన మందుపాతరే (మైన్) తగిలిందనో పాకిస్తాన్ అంటుంది. ఆ వాదన ఇంకా తెగలేదు. తొంభై మందికి పైగా అందులో పోయారు. మర్నాడు సముద్రంలో తేలుతున్న వస్తువులు మన జాలరులకు దొరికాకే విషయం బయటపడింది.

ఇక కరాచీ. ఈ కథ నాకు చెప్పినాయన శ్రీకాకుళం జిల్లా మనిషి. నేవీలో పెట్టీ ఆఫీసర్‌గా రిటైరై, నేను అప్రెంటిస్‌గా ఉన్న వర్క్‌షాపులో సివిలియన్‌గా చేరారు. దాడికి వెళ్లిన మూడు పడవల్లో ఆయన లేరు. అదే స్క్వాడ్రన్‌లో, అంటే ఆ పడవల దళంలో, వేరే పడవ మీద ఉండేవారు. మేమంతా కుర్రాళ్లం, భోజనాల దగ్గర చుట్టూ చేరి మిసైల్ ఎలా ఉంటుంది, ఎంత మంట వస్తుంది అని అడిగేవాళ్లం. ఒక రోజు ఆయన క్యారేజీ మూత తీసి, చెవికి పురికొస కట్టి, బల్ల మీద మెల్లగా లాగుతూ అన్నారు: "అందరూ మిసైల్ గురించే అడుగుతారు గానీ బాబూ, తాడు గురించి ఒకడూ అడగడు."

మీ రెండో ప్రశ్నకు జవాబు ఆ తాడులోనే ఉంది. ఆ పడవలు సోవియట్ యూనియన్ నుంచి కొన్నవి, మొత్తం ఎనిమిది. ఒక్కోదాని మీద నాలుగు స్టిక్స్ మిసైళ్లు. ఒక్కో మిసైల్‌లో 400 కిలోలకు పైగా పేలుడు సరుకు, సుమారు 40 కిలోమీటర్ల దూరం కొడుతుంది. ఈ మిసైళ్లతోనే ఈజిప్టు 1967లో ఇజ్రాయెల్ డిస్ట్రాయర్ ఐలాట్‌ను ముంచింది, కాబట్టి వాటి దెబ్బ ఎలాంటిదో ప్రపంచం చూసే ఉంది. కానీ ఆ పడవలు సొంత రేవుకు కాపలా కాయడానికి చేసినవి. తీరం దాటి ఎక్కువ దూరం పోవు. పొట్టలో ఇంధనం తక్కువ, నీటి మట్టానికి ఎత్తూ తక్కువ. మన పడవలు బొంబాయి రేవుకి కాపలాగానే ఉంటాయని అవతలివాళ్లు లెక్కేసుకుంటే తప్పు పట్టలేం.

అయితే ఆ పడవలు ఓడల మీద వచ్చినప్పుడు అంత బరువు దించగల క్రేన్ కలకత్తాలోనే ఉందట. అక్కడ దించి, పెద్ద ఓడలకు కట్టి, తాడుతో లాక్కుంటూ దేశం చుట్టూ తిప్పి బొంబాయి చేర్చారు. అంటే మన తీరం పక్కనుంచే వెళ్లాయన్నమాట. మా పెద్దాయన ఆ ప్రయాణంలో ఉన్నారు. కెరటం మీద తాడు బిగిసినప్పుడు పడవ ముక్కు నీళ్లలోకి ఎలా దిగుతుందో, వదులైనప్పుడు ఎలా పక్కకు కొట్టుకుపోతుందో ఆ క్యారేజీ మూతతో చూపించారు. పురికొస మరీ గుంజితే మూత ఎగిరి పడేది, అందుకే ఆయన వేలు దాని మీద ఆనించే ఉంచారు. ఆ లాగుడులోనే నేవీకి ఒక సంగతి అర్థమైంది. పడవను కొంత దూరం లాగించుకుని వెళ్తే దాని ఇంధనమంతా దాడికి, తిరుగు ప్రయాణానికి మిగులుతుంది.

నౌకాదళాధిపతి అడ్మిరల్ నందా చిన్నప్పుడు కరాచీ రేవు పక్కనున్న మనోరాలోనే పెరిగారు. ఆ రేవు ఆయనకు కొట్టిన పిండి. పథకంలో ఇంకో ముఖ్యమైన లెక్క చీకటి. పాకిస్తాన్ విమానాలకు రాత్రిపూట ఓడల మీద దాడి చేసే శక్తి పెద్దగా లేదు. అందుకే నిపాత్, నిర్ఘాత్, వీర్ అనే మూడు మిసైల్ బోట్లు, తోడుగా కిల్తాన్, కచ్చల్ అనే రెండు పెట్యా రకం చిన్న యుద్ధనౌకలు, ఇంధనం పోయడానికి పోషక్ అనే ట్యాంకరు కలిసి డిసెంబర్ 4 పగలంతా వాళ్ల విమానాల చూపు ఆనని దూరంలో ఉండిపోయాయి. పొద్దుపోయాక ఉత్తరానికి తిరిగాయి. స్క్వాడ్రన్ కమాండర్ బబ్రు భాన్ యాదవ్ నిపాత్ మీద ఉన్నారు. వ్లాదివోస్తోక్‌లో నెలల తరబడి శిక్షణ తీసుకున్నవాళ్లు కాబట్టి అందరికీ రష్యన్ వచ్చు. వినేవాళ్లకు అంతుపట్టకుండా రేడియోలో రష్యన్‌లోనే మాట్లాడుకున్నారు.

రాత్రి పదిన్నర దాటాక నిర్ఘాత్ రాడార్ మీద ఒక ఓడ కనిపించింది. అది పాకిస్తాన్ డిస్ట్రాయర్ ఖైబర్. నిర్ఘాత్ మిసైల్ వదిలింది. ఇక్కడ ఒక్క క్షణం ఆగి ఖైబర్ మీద ఉన్నవాళ్ల వైపు నుంచి చూడమని మీ అబ్బాయికి చెప్పండి. చీకట్లో ఒక వెలుగు దూసుకొస్తోంది. వాళ్లు దాన్ని విమానం అనుకున్నారు. విమానాలను కొట్టే తుపాకులు దాని మీదికి పేల్చారు. దెబ్బ తగిలాక కూడా శత్రు విమానం దాడి చేసిందనే కబురు పంపారు, అందులో తాము ఉన్న చోటు కూడా తప్పుగా వెళ్లింది. రెండో మిసైల్‌కి ఓడ మునిగింది. తప్పు చోట వెతకడంతో సాయం ఆలస్యమైంది. 222 మంది నావికులు చనిపోయారు. ఆకస్మిక దాడి అంటే చప్పుడు చేయకుండా వెళ్లడమే అనుకుంటాం. నాకైతే, తగిలింది ఏమిటో కూడా తెలియనివ్వకపోవడమే దాని అసలు బలం అనిపిస్తుంది. మిసైల్ అన్న మాటే ఆ ఓడ మీద ఎవరికీ తట్టలేదు.

మిగతావి త్వరగా చెప్పేస్తాను. నిపాత్ దెబ్బకు వీనస్ ఛాలెంజర్ అనే సరుకు ఓడ మునిగింది, షాజహాన్ అనే డిస్ట్రాయర్ బాగా దెబ్బతింది. వీర్ ముహాఫిజ్ అనే మైన్ స్వీపర్‌ను (సముద్రంలో మైన్లు ఏరే ఓడను) ముంచింది. కరాచీ రేవు ప్రాంతమైన కెమారీలో నూనె ట్యాంకులు తగలబడ్డాయి. అవి ఎవరి దెబ్బకు అంటుకున్నాయన్న దాని మీద నేవీకీ, జామ్‌నగర్ నుంచి వెళ్లి దాడి చేసిన ఎయిర్‌ఫోర్స్‌కీ మధ్య వాదన ఉంది. కాబట్టి స్పీచ్‌లో అదంతా నేవీ గొప్పే అని రాయకండి. మన వైపు ఒక్క మనిషీ పోలేదు. రెండు రోజులకు భయంలో పాకిస్తాన్ విమానాలు తమ సొంత ఓడ జుల్ఫికర్‌నే మిసైల్ బోటు అనుకుని కాల్చాయి. 8వ తేదీ రాత్రి వినాశ్ అనే ఒకే ఒక్క మిసైల్ బోటు, తల్వార్, త్రిశూల్ అనే యుద్ధనౌకలు తోడుగా మళ్లీ వెళ్లి నాలుగు మిసైళ్లు వదిలి వచ్చింది. ఆ తర్వాత విదేశీ సరుకు ఓడలు కరాచీ వైపు రావడానికి జంకాయి.

మా పెద్దాయన దగ్గర ఈ కథ విన్నప్పుడల్లా 9వ తేదీ కూడా వచ్చేది. ఆ రాత్రి డియూ దగ్గర పాకిస్తాన్ సబ్‌మెరైన్ హంగోర్ మన యుద్ధనౌక ఖుక్రీని ముంచింది. 18 మంది ఆఫీసర్లు, 176 మంది నావికులు పోయారు. కెప్టెన్ మహేంద్రనాథ్ ముల్లా ఓడతోనే ఉండిపోయారు. ఖుక్రీ మీద మా పెద్దాయనకు తెలిసినవాళ్లు ఉండేవారు. ఖైబర్ లెక్క 222 అని నేనే ఒక పత్రికలో చదివి ఆయనకు చెప్పాను. చేతిలో ముద్ద అలాగే పట్టుకుని కాసేపు ఏమీ అనలేదు. తర్వాత, "మనోళ్లూ ఆళ్లూ ఒకే నీళ్లలో పోయారు బాబూ" అన్నారు. ఆ రోజు ఇంకే ప్రశ్నా అడగాలనిపించలేదు నాకు.

స్పీచ్‌కి నా సలహా ఇది. మూడు నిమిషాలే ఉంటాయి కాబట్టి పేర్లన్నీ బట్టీ పట్టించకండి. కలకత్తా నుంచి బొంబాయి దాకా లాక్కెళ్లిన తాడు సంగతి చెప్పించండి, చేతిలో ఒక దారం, ఒక డబ్బా మూత ఉంటే ఇంకా మంచిది. ఖైబర్, ఖుక్రీ రెండు లెక్కలూ చెప్పించండి. వీలైతే ముందు రోజు ఆర్కే బీచ్‌కి తీసుకెళ్లి మ్యూజియంగా పెట్టిన కురుసుర సబ్‌మెరైన్ లోపలికి ఎక్కించండి. ఆ ఇరుకులో అంతమంది ఎలా ఉండేవారో వాడికి చూస్తేనే తెలుస్తుంది. దగ్గర్లోనే ఈ 1971 యుద్ధానికి గుర్తుగా కట్టిన విక్టరీ ఎట్ సీ స్థూపం ఉంటుంది. ఆ ఏడాది నేవీ విన్యాసాలు విశాఖలో పెడితే, చూడాలనుకుంటే మూడు గంటలకే వెళ్లి ఇసుకలో చోటు చూసుకోండి, నాలుగు దాటితే పిల్లలకు ఏమీ కనపడదు.