స్వేచ్ఛ మీద షార్ట్ ఫిలిం: డైలాగులు లేకుండా ఎలా చూపించాలి?

“స్వేచ్ఛ, కట్టుబాట్ల మీద 10 నిమిషాల షార్ట్ ఫిలిం రాస్తున్నాను. చెప్పాలనుకున్నదంతా డైలాగుల్లోకే వచ్చేస్తోంది, ఏం చేయాలి?” అని అడిగారు. సరిగ్గా ఇదే ఇబ్బంది నేనూ పడ్డాను.

మూడేళ్ల కిందట నలుగురు స్నేహితులం కలిసి లేడీస్ హాస్టల్ మీద 11 నిమిషాల సినిమా తీశాం. రాత్రి 8:30కి గేటు మూసేస్తారు. ట్రైన్ లేటై ఒకమ్మాయి 9 గంటలకి వస్తుంది. కథ అంతే. మొదటి స్క్రిప్ట్‌లో ఆ అమ్మాయి చేత వార్డెన్‌తో రెండు పేజీలు వాదింపజేశాను. పైకి చదువుకుంటే ఉపన్యాసంలా ఉంది. పంజరంలో చిలక షాట్ కూడా రాసుకున్నాను, అదీ తీసేశాను.

లొకేషన్ చూడ్డానికి వెళ్లినప్పుడు గేటు దగ్గర రిజిస్టర్ కనబడింది. ఎవరూ పట్టుకుపోకుండా పెన్నుకి దారం కట్టి బల్లకి ముడేశారు. దారం పొట్టిది. పేజీలో కింది గడి దాకా పెన్ను అందదు, పుస్తకాన్నే పైకి జరుపుకోవాలి. పేరు, వెళ్లిన టైమ్, వచ్చిన టైమ్, కారణం. ‘కారణం’ గడిలో పైన ఎవరో ‘పని’ అని రాస్తే, కింద వరసగా అందరూ డిటో పెట్టేశారు. నాకు కావలసిన సినిమా అక్కడే ఉంది. వాదన మొత్తం కొట్టేసి, ఆ చేతిని, ఆ దారాన్ని 40 సెకన్లు కదలకుండా చూపించాం.

ఇంకో సంగతి. గేటు మూసే ఆయమ్మని మొదట విలన్‌లా రాశాను. అది నా తప్పు. చివరి అమ్మాయి వచ్చేదాకా ఆవిడా అక్కణ్నుంచి లేవలేదు. అన్నం డబ్బా మూత తీయకుండా ఒళ్లో పెట్టుకుని కూర్చున్న షాట్ చేర్చాకే కథ నిలబడింది.

వీలైతే మాయా డెరెన్, ఆమె భర్త అలెగ్జాండర్ హామిడ్ కలిసి 1943లో లాస్ ఏంజెలెస్‌లో తీసిన ‘మెషెస్ ఆఫ్ ది ఆఫ్టర్‌నూన్’ చూడండి. సుమారు 14 నిమిషాలు. వాళ్లు ఉంటున్న ఇల్లే లొకేషన్, డెరెనే నటి. ఒక్క మాట ఉండదు, సంగీతం కూడా 1959లో చేర్చిందే. తాళంచెవి, కత్తి, మెట్లు, వీటితోనే ఆ ఇల్లు ఆమె చుట్టూ బిగుసుకుంటుంది. నాకు ధైర్యం వచ్చింది దాన్ని చూశాకే.

సౌండ్‌ని తేలిగ్గా తీసుకోకండి. షూటింగ్‌లో ట్రాఫిక్ హోరు కలిసిపోయింది. అందుకే అర్ధరాత్రి వెళ్లి, ఫోన్ దగ్గరగా పెట్టి గేటు గడియ చప్పుడు విడిగా రికార్డ్ చేసుకున్నాం. సినిమాలో అది మూడుసార్లు వస్తుంది. మూడోసారి గేటు కనబడదు, ఆ అమ్మాయి మొహం ఒక్కటే ఉంటుంది.